ధ్వని దృశ్య గ్రంథాలయములు – రాజపాళయపు తెలుగు వాక్కు

ఉపోద్ఘాతము

భాష వ్రాతయందును వాక్కునందును జీవించును. తెలుగునాట పుట్టి తెలుగు బడులలో చదివినవారికి ఈ రెండును వేఱుగా తోచవు. పరభాషా ప్రాంతమున తరతరములుగా నివసించు తెలుగువారి స్థితి అట్టిది కాదు. వారి యిండ్లలో వాక్కు నిలిచి, వ్రాత తొలగిపోవుట పలుచోట్ల జరిగినది.

విరుదునగర్ జిల్లాలో, పడమటి కనుమల పాదమున నున్న రాజపాళయము ఇందుకు నిదర్శనము. విజయనగర రాజ్యకాలమున దక్షిణమునకు తరలివచ్చినవారమని పరంపరగా చెప్పుకొను రాజుల కుటుంబములు ఈ పట్టణమున తెలుగును ఇంటిభాషగా నేటికిని నిలుపుకొనుచున్నవి. మద్రాసు రాష్ట్రమునకు 1949 నుండి 1952 వఱకు ముఖ్యమంత్రిగా నుండిన పి. ఎస్. కుమారస్వామి రాజా ఈ యూరివారే. అయినను ఇచట తెలుగు మాటలాడువారిలో పలువురు తెలుగు లిపి నెఱుగరు. వారి వ్రాతపనులు తమిళమునను ఇంగ్లీషునను సాగును. 2006వ సంవత్సరపు తమిళ అభ్యసన చట్టము తమిళనాటి పాఠశాలలలో తమిళమును తప్పనిసరి పాఠ్యాంశముగా జేసి, 2006-07లో ఒకటవ తరగతితో ప్రారంభించి ఏటికొక తరగతి చొప్పున అమలునకు వచ్చినది. అల్పసంఖ్యాక భాషా పాఠశాలలలో మాతృభాషాబోధనకు మిగిలిన చోటు దీనితో మఱింత ఇఱుకైనది.

ఇట్టి తావున భాషాచరిత్రకు ప్రధానమైన ఆధారము వాక్కే యగుచున్నది. ముత్తవ్వ చెప్పిన కథ, పెండ్లియింట పాడిన పాట, పొలము పనులలో వాడిన మాట — వీనికి తాళపత్రము లేదు, అచ్చుప్రతి లేదు. నేడు వానిని చేతిఫోనులో పట్టి యుంచుకొనువారు కలరు. అట్లు పట్టిన ధ్వని ఏబదియేండ్ల పిమ్మట వినవచ్చునా యనునది విచారింపదగిన ప్రశ్న. ధ్వనిని దాచిన ఫైలు ఒక్కటియే దీనికి సమాధానము చెప్పజాలదు. ఆ ఫైలును చదివి వినిపించు సాఫ్టువేరు లైబ్రరీలు కూడ నిలువవలెను. వాని చరిత్రయు, ఆ చరిత్రనుండి చిన్న భాషాసమాజము గ్రహింపదగిన పాఠమును ఈ వ్యాసమునకు విషయములు.

గాడినుండి సంఖ్యకు

ఎడిసన్ 1877లో ఫోనోగ్రాఫును నిర్మించి, మనుష్యుని వాక్కును వస్తువునందు నిలిపి మరల వినిపించుటకు తొలిమార్గము చూపెను. గ్రామఫోను కంపెనీ పక్షమున ఫ్రెడ్ గైస్‌బర్గ్ 1902లో కలకత్తాకు వచ్చి భారతీయ గాయకుల పాటలను రికార్డు చేసెను. గ్రియర్సన్ నాయకత్వమున సాగిన భారత భాషాపరిశీలనకు అనుబంధముగా, 1913 మొదలు 1929 వఱకు దేశభాషల వాక్కులు గ్రామఫోను పలకలపై నెక్కింపబడినవి. మద్రాసు రాజధానిలోని భాషలలో తెలుగు పలుకును ఆ పలకలకెక్కినది. ఆ సంపుటి పిమ్మట సంఖ్యారూపమునకు మార్చబడి, చికాగో విశ్వవిద్యాలయమువారి దక్షిణాసియా డిజిటల్ లైబ్రరీ ద్వారా లోకమునకు అందినది.

గ్రామఫోను పలకకు ఒక సుగుణము కలదు. దానిపై గాడి కంటికి కనబడును. పలకను తిప్పి, ముల్లును గాడిలో నిలిపినచో ఏదో యొక ధ్వని వచ్చును. పలకను చేసిన కంపెనీ మూతపడినను, దానిని వినిపించు యంత్రమును నేర్పుగల పనివాడు మరల నిర్మింపగలడు. ఫిలిప్స్ కంపెనీ 1963లో వెలువరించిన క్యాసెట్టు టేపు విషయమునను ఇది చాలవఱకు సత్యమే.

1982లో కాంపాక్టు డిస్కు విపణికి వచ్చుటతో స్థితి మాఱినది. అందు ధ్వని గాడిగా గాక సంఖ్యలుగా నుండును. ధ్వనితరంగపు ఎత్తును సెకనుకు 44,100 మారులు కొలిచి, ఒక్కొక్క కొలతను 16 బిట్లతో వ్రాసి, రెండు చెవులకును రెండు వరుసలుగా నుంచుదురు. ఈ లెక్కన సెకనుకు 14,11,200 బిట్లును, నిమిషమునకు ఒక కోటికి పైబడిన బైట్లును కావలెను. ఆనాటి కంప్యూటర్లకును టెలిఫోను తీగలకును ఇది మోయరాని భారము. కావున సంఖ్యలను కుదించి దాచుటకును, వినునప్పుడు మరల విప్పుటకును ఉపాయములు పుట్టెను. కుదించు పనిని, విప్పు పనిని తెలుపు రెండు ఇంగ్లీషు మాటల మొదళ్లు కలిసి 'కోడెక్' అను పేరైనది.

జర్మనీలోని ఫ్రాన్‌హోఫర్ సంస్థలో కార్ల్‌హైన్జ్ బ్రాండెన్‌బుర్గ్ మొదలగువారు చేసిన కృషి ఇందు ప్రసిద్ధము. మనుష్యుని చెవి పట్టజాలని సూక్ష్మాంశములను విడిచిపెట్టి, మిగిలినదానిని పొదుపుగా వ్రాయుట వారి పద్ధతి. అది 1993లో అంతర్జాతీయ ప్రమాణముగా వెలువడినది. 1995లో దాని ఫైళ్లకు 'ఎం.పి.3' అను తోకపేరు నిశ్చయమైనది. సెకనుకు 1,28,000 బిట్లతో కుదించినచో డిస్కుపై కోటి బైట్లు పట్టు నిమిషపు పాట 9,60,000 బైట్లలో నిముడును.

అయితే ఇట్లు కుదించిన ఫైలు గాడివలె కంటికి కనబడునది కాదు. కుదించిన పద్ధతి తెలియనిదే ఆ సంఖ్యలవరుస అర్థరహితమగును. సింధులోయ ముద్రలు చేతిలో నుండియు చదువరాకున్న విధముగా, ఫైలు చేతిలో నుండియు విప్పు పద్ధతి నశించినచో వాక్కు నశించినట్లే.

లైబ్రరీ యనగా నేమి?

విప్పు పద్ధతిని కంప్యూటరుకు తెలియజెప్పు సూచనల సముదాయమే లైబ్రరీ. ఈ పేరు తెలుగువారికి క్రొత్త కాదు. 1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయము వెలసెను. 1914లో బెజవాడలో ఆంధ్రదేశ గ్రంథభాండాగార సంఘము ఏర్పడెను. అయ్యంకి వెంకటరమణయ్య మొదలగువారు ఊరూర నడపిన గ్రంథాలయోద్యమపు మూలసూత్రము సులభమైనది. ప్రతి యింటివాడును ప్రతి గ్రంథమును కొననక్కఱలేదు. ఊరికొక ప్రతి యుండి అందఱకును అందుబాటులో నున్న చాలును.

కంప్యూటరులోని ఉమ్మడి లైబ్రరీ సూత్రమును ఇదియే. పాటలు వినిపించు సాఫ్టువేరు, చలనచిత్రములు చూపు సాఫ్టువేరు, అంతర్జాలపు పుటలు తెఱచు సాఫ్టువేరు — ఈ మూటికిని ఎం.పి.3ని విప్పు నేర్పు కావలెను. ఒక్కొక్కటియు ఆ నేర్పును తనలో వేఱువేఱుగా నింపుకొనినచో చోటు వ్యర్థమగును, దోషములును హెచ్చును. ఆ నేర్పును ఒకే ఫైలుగా వేఱుపఱచి, కావలసిన ప్రతి సాఫ్టువేరును దానిని పిలిచి వాడుకొనునట్లు చేయుదురు. 1936లో రాజపాళయం మిల్స్ స్థాపితమైన నాటినుండి ఈ యూరివారికి ఈ యేర్పాటు చక్కగా తెలియును. మగ్గము గలవాడు ప్రతిదినము నూలు వడుకుకొనడు. మిల్లు వడికిన నూలును పలు మగ్గములు నేయును.

విండోస్ తొలిరూపము 1985లో వెలువడినప్పుడే ఇట్టి ఫైళ్లు అందు కలవు. వానికి 'డి.ఎల్.ఎల్.' అని తోకపేరు. యూనిక్స్ శాఖలలో సన్ కంపెనీవారి వ్యవస్థ 1988లో ఉమ్మడి లైబ్రరీలను ప్రవేశపెట్టెను. లినక్సు వ్యవస్థలో వానికి 'ఎస్.ఓ.' అను తోకపేరు గలదు. పేర్లు వేఱైనను పని యొక్కటియే.

ఇచట వాడుకలోని ఒక భ్రాంతిని తొలగింపవలసియున్నది. ఏ.వి.ఐ., ఎం.పి.4, 3జి.పి., ఓగ్ అనునవి పెట్టెల పేర్లు మాత్రమే. పెట్టెలోని ధ్వనియు దృశ్యమును వేఱువేఱు కోడెక్కులతో మడిచి యుండవచ్చును. అందుచేతనే ఒకానొక పెండ్లి వీడియోను తెఱచినప్పుడు బొమ్మ కనబడి మాట వినబడకపోవుట కలదు. పెట్టెను తెఱచు లైబ్రరీ యున్నది, బొమ్మను విప్పు లైబ్రరీ యున్నది, మాటను విప్పునది మాత్రము లేదు. ఫైలు చెడిపోయినదని తలచి దానిని చెఱిపివేయుట అట్టి సందర్భమున తొందరపాటగును.

మూసిన తలుపులు, తెఱచిన తలుపులు

ధ్వని దృశ్య లైబ్రరీల తొలిదశ కంపెనీల యధీనములో గడచినది. ఆపిల్ కంపెనీ 1991లో క్విక్‌టైమును, మైక్రోసాఫ్ట్ 1992లో వీడియో ఫర్ విండోసును వెలువరించినవి. 1995లో రియల్ ఆడియో వచ్చి, మందగమనపు టెలిఫోను తీగలపై సైతము ధ్వనిని ప్రవహింపజేసెను. విదేశములలోని తెలుగువారు 1990ల చివరను, 2000ల మొదటను అంతర్జాలమున తెలుగు పాటలు వినిన స్థలములలో పెక్కింట రియల్ ఫైళ్లే వాడుకలో నుండెను. విప్పు పద్ధతి కంపెనీ రహస్యమగుటచే, ఆ కంపెనీ యిచ్చు సాఫ్టువేరు లేనిదే పాట పలుకకుండెను. కాలక్రమమున ఆ సాఫ్టువేరు వాడుక తప్పగా, దాచుకొనిన పాటలు మూగవోయినవి.

ఎం.పి.3 విషయమున పద్ధతి రహస్యము కాదు. కాని పేటెంటు హక్కులుండెను. లైబ్రరీని నిర్మించి పంచువారు రుసుము చెల్లింపవలసియుండెను. ఈ కారణముననే 2002లో రెడ్ హ్యాట్ లినక్సు తన 8వ కూర్పునుండి ఎం.పి.3 వినిపించు భాగమును తొలగించెను. హక్కుల గడువులు తీరి, 2017 ఏప్రిల్ 23న లైసెన్సు ఏర్పాటు ముగిసిన పిమ్మట గాని ఎం.పి.3 సర్వజనస్వామ్యము కాలేదు.

ఈ నిర్బంధమునకు ప్రతిగా మఱియొక ఉద్యమము బయలుదేఱెను. క్రిస్ మాంట్‌గొమెరీ స్థాపించిన జిఫ్ సంస్థ, రుసుములేని వోర్బిస్ కోడెక్కును 2002లో సంపూర్ణరూపమున వెలువరించెను. ఒక్క బిట్టును నష్టపోకుండ ధ్వనిని కుదించు ఫ్లాక్ 2001లో వచ్చి, 2003లో అదే సంస్థ నీడకు చేరెను. ఫ్రాన్సులో ఫాబ్రిస్ బెల్లార్ 2000లో ఎఫ్.ఎఫ్.ఎంపెగ్ అను పనిని ప్రారంభించెను. అందలి 'లిబ్ ఏ.వి. కోడెక్' నేడు లోకమున మిక్కిలిగా వాడబడు ధ్వని దృశ్య లైబ్రరీలలో నొకటి. పారిస్ సమీపమున నొక ఇంజనీరింగు కళాశాల విద్యార్థులు 1996లో మొదలుపెట్టిన వీడియోలాన్ పనినుండి పుట్టిన వి.ఎల్.సి. 2001లో అందఱకును స్వేచ్ఛగా నీయబడెను. అదియు లిబ్ ఏ.వి. కోడెక్కునే ఆధారముగా గొన్నది.

ఈ ఉద్యమము చేసిన గొప్ప మేలొకటి కలదు. కంపెనీలు విడిచిపెట్టిన పాత పద్ధతులను స్వచ్ఛంద సేవకులు ఓపికతో పరిశోధించి, వానిని విప్పు ఉపాయములను కనుగొని, ఎఫ్.ఎఫ్.ఎంపెగ్ లైబ్రరీలో చేర్చిరి. మూగవోయిన రియల్ ఫైళ్లలో పెక్కు నేడు వి.ఎల్.సి.లో మరల పలుకుచున్నవి. శాసనపరిశోధకులు పాతలిపిని చదివి శిలలను పలికించిన పని వంటిదే యిది.

ఉమ్మడి మేలు, ఉమ్మడి కీడు

ఉమ్మడి సొత్తునందు మేలును కీడును రెండును ఉమ్మడియే. లైబ్రరీలో నొకచోట దోషమును దిద్దినచో దానిని వాడు సాఫ్టువేరులన్నియు ఒక్కమాఱు బాగుపడును. దోషము ప్రవేశించినచో అన్నియు చెడును. 2015 జూలైలో ఆండ్రాయిడ్ ఫోనులందలి 'స్టేజ్‌ఫ్రైట్' అను ధ్వని దృశ్య లైబ్రరీలో తీవ్రదోషము బయటపడెను. కుత్సితముగా కూర్చిన వీడియో సందేశమును పంపినంతమాత్రమున ఫోను పరాధీనము కాగలదని తేలెను. దాదాపు 95 కోట్ల ఫోనులు ఈ ప్రమాదమునకు లోనై యుండునని కనుగొన్నవారు అంచనా వేసిరి. ఆండ్రాయిడ్ ఫోనులకు నెలనెలయు భద్రతాసవరణలు వెలువడు పద్ధతి ఈ ఘటన పిమ్మటనే ఆరంభమైనది.

తెలుగువారు మఱవరాని యుదాహరణ 2018 ఫిబ్రవరిలో జరిగినది. ఇది ధ్వనికి గాక అక్షరములకు చెందినదైనను సూత్రమొక్కటియే. ఐఫోనులో అక్షరములను తెఱపై దీర్చు కోర్‌టెక్స్ట్ అను ఉమ్మడి లైబ్రరీ, ఒక ప్రత్యేకవిధమున కూర్చబడిన 'జ్ఞా' అను తెలుగక్షరమును దీర్చలేక కూలిపోయెను. ఆ లైబ్రరీని వాడు సందేశముల సాఫ్టువేరు, వాట్సాప్ మొదలగునవి దానితోడనే కూలినవి. ఫిబ్రవరి 19న ఆపిల్ సవరణను వెలువరించినది. కోట్లమంది వాడు భాషయైనను, లైబ్రరీ నిర్మించువారి పరీక్షలలో దానికి తగిన చోటు దొరకనిచో నిట్టి ప్రమాదము కలుగునని ఈ ఘటన నిరూపించినది.

రాజపాళయపు వాక్కునకు వర్తింపు

ఈ చరిత్రను రాజపాళయము వంటి యూరికి అన్వయించి చూచినచో కొన్ని విషయములు స్పష్టమగును.

మొదటిది, 2000ల నాటి చేతిఫోనుల ధ్వనులు. వానిలో పెక్కు ఏ.ఎం.ఆర్. అను పద్ధతిలో నున్నవి. టెలిఫోను సంభాషణకై 1999లో స్వీకరింపబడిన ఆ పద్ధతి సెకనుకు 8,000 కొలతలను మాత్రమే తీయును. అందుచే సెకనుకు 4,000 కంపనములకు మించిన స్వరభాగము అందు నిలువదు. స, శ మొదలగు ఊష్మముల లక్షణములలో గణనీయమైన భాగము ఆ పైతట్టుననే యుండును. ఒక వృద్ధురాలు పలికిన మాటలో నున్నది సకారమో శకారమో తేల్చుకొనవలసిన పరిశోధకునకు ఇది పెద్దలోపము. అట్టి ఫైలును పిమ్మట ఎంత మేలైన పద్ధతికి మార్చినను పోయినది తిరిగి రాదు. అయినను ఆ ఫైళ్లను త్రోసిపుచ్చరాదు. మరణించిన పెద్దల స్వరమునకు అవి తప్ప వేఱు ఆధారము లేని యిండ్లు కలవు. వానిని మూలరూపముననే యుంచి, తోడుగా ఫ్లాక్ ప్రతి నొకటి చేయించుట యుక్తము.

రెండవది, నేటి స్వరసందేశములు. వాట్సాప్ స్వరసందేశములు ఓపస్ అను కోడెక్కుతో సాగుచున్నవి. స్కైప్ వారి పద్ధతిని జిఫ్ వారి పద్ధతితో మేళవించి రూపొందించిన ఓపస్ 2012 సెప్టెంబరులో అంతర్జాల ప్రమాణమైనది. సెకనుకు 24,000 బిట్లతో, అనగా నిమిషమునకు 1,80,000 బైట్లతో మాట స్పష్టముగా వినబడును. లిపి తెలియని తెలుగువారు తమ బంధువులతో తెలుగున సంభాషించుటకు స్వరసందేశము అనువైన సాధనము. వ్రాయరాని భాషను పంపుకొనుటకు దోహదము చేయుచున్నది స్వేచ్ఛాలైబ్రరీ యనుట గమనింపదగినది. కాని ఫోను మాఱినప్పుడు ఆ సందేశములు సామాన్యముగా నశించుచున్నవి. విలువగలవానిని ఏరి వేఱొకచోట దాచుకొనుట అవసరము.

మూడవది, ఇకమీదట చేయవలసిన రికార్డులు. భాషాపరిశోధనకు పనికివచ్చు ధ్వనిని సెకనుకు కనీసము 44,100 కొలతలతో పట్టి, ఫ్లాక్ పద్ధతిలో నిలుపుట మేలు. మూలములో సుమారు సగము చోటుతోనే అందు ప్రతి బిట్టును భద్రముగా నుండును. ఫ్లాక్ 2024లో అంతర్జాల ప్రమాణముగా ప్రకటితమైనది. దృశ్యములకై ఎఫ్.ఎఫ్.ఎంపెగ్ శాఖనుండి పుట్టిన ఎఫ్.ఎఫ్.వి.1 అను నష్టరహిత పద్ధతి కలదు. 2021లో దాని వివరణ ప్రకటితమైనది. పెక్కు పురాచలనచిత్ర భాండాగారములు దానిని వాడుచున్నవి. వినుటకు, పంపుటకు ఓపస్ ప్రతియు, దాచుటకు ఫ్లాక్ ప్రతియు నున్న సరిపోవును.

నాల్గవది, ఖర్చు. పైన జెప్పిన లైబ్రరీలన్నియు ఉచితముగా లభించునవే. తమిళనాడు ప్రభుత్వము 2011లో ఆరంభించిన విద్యార్థుల ఉచిత లాప్‌టాప్ పథకముచే సామాన్యకుటుంబముల కంప్యూటర్లు చేరినవి. అట్టి సామాన్యమైన లాప్‌టాపులోనైనను వి.ఎల్.సి.ని నెలకొల్పి ఈ పనులన్నియు జేయవచ్చును. ఫైలునకు పేరిడునప్పుడు పలికినవారి యూరు, తేదీ, విషయము తెలుపుటయు, రెండు మూడు వేఱువేఱు చోట్ల ప్రతులుంచుటయు మఱవరాదు. ఏ లైబ్రరీయు ఫైలులోని స్వరము ఎవరిదో చెప్పజాలదు. ఆ యెఱుక వ్రాసి యుంచిననే నిలుచును.

ఉపసంహారము

గ్రంథాలయోద్యమ కాలమున తెలుగుపెద్దలు పుస్తకమును కొద్దిమంది సొత్తుగా నుండనీయక ఊరి సొత్తుగా జేసిరి. ఆ యుద్యమ ఫలము నేటికిని తెలుగుదేశ మనుభవించుచున్నది. ధ్వని దృశ్య లైబ్రరీల విషయమునను లోకమున అట్టి యుద్యమమే నడచినది. ఎఫ్.ఎఫ్.ఎంపెగ్, జిఫ్, వీడియోలాన్ మొదలగు సంస్థలు చదువు నేర్పును సర్వజనస్వామ్యముగా జేసినవి. హైదరాబాదు కేంద్రముగా 'స్వేచ్ఛ' సంస్థ స్వేచ్ఛా సాఫ్టువేరును తెలుగువారికి పరిచయము చేయుచున్నది. తెలుగుదేశమునకు వెలుపల నున్న తెలుగువారికి ఈ కృషి మఱింత యుపకరించును. ప్రభుత్వములు వారి నుడిని భద్రపఱచునని వేచియుండుటకు వ్యవధి లేదు; వృద్ధులు ఏటేట తగ్గుచున్నారు.

రాజపాళయమునందును, తమిళనాటి యితర తెలుగు గ్రామములందును, తెలుగు సంఘములు సభ్యుల యిండ్లలో నున్న ధ్వనులను, దృశ్యములను సేకరించి, స్వేచ్ఛాపద్ధతులలోనికి మార్చి, ఊరికొక ధ్వనిగ్రంథాలయమును నెలకొల్పుట కర్తవ్యము. తెలుగు లిపి నేర్చుకొను అవకాశము లేని బాలుడు సైతము అందు ప్రవేశించి తన పూర్వుల పలుకును వినగలడు. విన్నవానికి చదువవలెనను కోరిక పుట్టుట సహజము. ఆ కోరికకు తావిచ్చు బడి నిలుపుట సంఘముల రెండవ కర్తవ్యము.